వారం వారం వాయిదా



మార్కాపురం పలక మీకు కొత్త కాదు. దాని మీద ఇవాళ ఒక లెక్క వేయండి.

దొనకొండ దగ్గరి మెట్ట పల్లెలో ఒక ఇల్లాలు ఉందనుకోండి. బర్రెను కొనడానికి సూక్ష్మరుణాల కంపెనీ దగ్గర 10,000 రూపాయలు తెచ్చుకుంది. వారానికి 225 చొప్పున 50 వారాలు కట్టాలి. మొత్తం 11,250. వడ్డీ 1,250. నెలకు నూటికి రూపాయి చిల్లరే గదా అనుకుంది.

కిటుకు ఇక్కడే ఉంది. 25 వారాలయ్యేసరికి అసలులో సగం తిరిగి ఇచ్చేసింది. వడ్డీ మాత్రం మొత్తం పదివేల మీదే కడుతున్నది. నిజంగా చేతిలో ఉన్న డబ్బు మీద లెక్కేస్తే నూటికి రెండు రూపాయల పైనే పడింది.

వడ్డీ కంటే వారం గడువే కష్టం. బర్రె వట్టిపోతే పాలు లేవు. వాన రాకపోతే కూలి లేదు. వారం మాత్రం తప్పకుండా వస్తుంది. మెట్ట రైతుకు డబ్బు కనబడేది పంటకొకసారి. గుంపులో ఒకరు కట్టకపోతే మిగతావాళ్లు కట్టాలి. నిన్నటిదాకా కూరా చారూ ఇచ్చిపుచ్చుకున్నవాళ్లే వాకిట్లో కూర్చుని వాయిదా అడగాల్సి వచ్చింది. ఒక అప్పు తీర్చడానికి ఇంకో అప్పు. ఒకే ఇంటికి రెండు మూడు కంపెనీలు ఇచ్చాయి. ఎన్ని అప్పులిస్తే అంత వ్యాపారం మరి! ఎగ్గొట్టే బుద్ధితోనే కట్టలేదని కొందరన్నారు. కడుపు కట్టుకుని కట్టినవాళ్లను వాళ్లు చూడలేదు.

2006లోనే కృష్ణా జిల్లాలో గొడవ లేచింది. అధికారులు 50 దాకా శాఖలు మూయించారు. అయినా అప్పులు పెరుగుతూనే పోయాయి. 2010లో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో, ఒత్తిడి తట్టుకోలేక ప్రాణాలు తీసుకున్నారని వరసగా వార్తలు వచ్చాయి. అక్టోబరు 15న ప్రభుత్వం ఆర్డినెన్సు తెచ్చింది. బెదిరించకూడదు. నెలకొకసారే వసూలు చేయాలి. అదీ పంచాయతీ ఆఫీసు వంటి నలుగురూ తిరిగే చోట.

ఇళ్ల ముందు కేకలు ఆగాయి. వాయిదాలు ఆగాయి. కొత్త అప్పులూ ఆగాయి. ఆసుపత్రికో, పిల్లల ఫీజుకో డబ్బు కావలసినవాళ్లు మళ్లీ వడ్డీ వ్యాపారి గడప తొక్కారు.

2011 జనవరిలో మాలెగాం కమిటీ రిజర్వు బ్యాంకుకు నివేదిక ఇచ్చింది. వడ్డీకి హద్దు పెట్టమన్నది. ఒక మనిషికి రెండుకు మించి కంపెనీలు అప్పు ఇవ్వరాదన్నది. అప్పటికే బర్రెను అమ్ముకున్నవాళ్లు అమ్ముకున్నారు, కూలికి ఊరు దాటినవాళ్లు దాటారు.