పరుగుకు దారి ఎవరు తెరిచారు?

(ఆళ్లగడ్డలో యువజనుల ముందు చేసిన ప్రసంగం)



నంద్యాల నుంచి ఆళ్లగడ్డకు తెల్లారుజామున బస్సులో వస్తే, రోడ్డు పక్కన పరిగెత్తే మన పిల్లలు కనపడ్తారు. పక్కనుంచే లారీలు పోతుంటాయి. ఎందుకు నాయనా అంటే కానిస్టేబుల్ సెలక్షన్లకంటారు. మగపిల్లలు 1600 మీటర్లు 8 నిమిషాల్లో, ఆడపిల్లలు పదిన్నర నిమిషాల్లో ముగించాల. ఆ పిల్లల కోసమే ఈరోజు ఒక పరుగువీరుని సంగతి చెప్తున్నాం.

పేరు అవినాష్ సాబ్లే. మహారాష్ట్రలో బీడ్ జిల్లా, మాండ్వా గ్రామం. మన సీమలాగే కరువు నేల. అమ్మానాయనలు ఇటుకబట్టీలో పనిచేసినోళ్లు. బడి 6 కిలోమీటర్లు. బస్సు లేదు. నడిచో, ఉరికో పోవాల. 12వ తరగతి కాగానే సైన్యంలో చేరినాడు. సియాచిన్ మంచులో, రాజస్థాన్ ఎండలో పనిచేసినాడు. 2015లో సైన్యం జరిపే క్రాస్ కంట్రీ పోటీల్లో, అంటే మిట్టపల్లాల మీద సాగే పరుగులో దిగినాడు. తర్వాత కోచ్ అమ్రీష్ కుమార్ స్టీపుల్ చేజ్‌కు మళ్లించినాడు.

ఇది 3000 మీటర్ల పరుగు. 3 అడుగుల ఎత్తు దూలాలు 28 సార్లు దాటాల. అవిగాక 7 సార్లు నీళ్లగుంట దూకాల. మామూలు హర్డిల్ కాలు తగిలితే పడిపోతుంది. ఈ దూలం కదలదు, తగిలితే మనిషే పడతాడు.

1981 నాటి గోపాల్ సైనీ జాతీయ రికార్డును సాబ్లే 2018లో దాటినాడు. 1998 నుంచి 2018 దాకా కామన్వెల్త్ క్రీడల్లో ఈ పరుగులో మూడు పతకాలూ కెన్యావాళ్లవే. 2022లో సాబ్లే రజతం తెచ్చినాడు. 0.05 సెకన్లలో బంగారం తప్పింది. 2023 ఆసియా క్రీడల్లో బంగారమే గెలిచినాడు. 2024 పారిస్ ఒలింపిక్స్‌లో ఫైనల్ చేరి 11వ స్థానంలో నిలిచినాడు.

ఇదంతా కాళ్ల బలమేనా? కాళ్ల బలం మన గేరిల్లో తక్కువా? అతనికి నెల జీతం, కడుపునిండా తిండి, గ్రౌండు, కోచ్ దొరికినాయి. అతను చేరింది 5వ మహర్ రెజిమెంటులో. ఆ పేరు గుర్తుపెట్టుకోండి. 1890ల్లో తెల్లదొరలు 'వీరజాతులు' అనే లెక్క తీసి మహర్లకు పట్టాళం తలుపు మూసినారు. సుబేదారు కొడుకైన బాబాసాహెబ్ పట్టుబట్టినాడు. 1941లో మహర్ రెజిమెంటు ఏర్పడింది. ఇప్పుడందులో అన్ని కులాలవాళ్లూ ఉన్నారు. సాబ్లేది ఏ కులమని మేం అడగం. అంటరానివాళ్లు కొట్లాడి తెరిపించిన తలుపు దేశానికంతా పనికొచ్చిందంటున్నాం.

మరి ఇప్పుడు? 2022 నుంచి సిపాయిగా చేరితే అగ్నివీరుడే, 4 ఏళ్లే. తర్వాత నూటికి 25 మంది దాకానే ఉంచుకుంటారు. సియాచిన్ నుంచి జాతీయ రికార్డు దాకా రావడానికి సాబ్లేకు 4 ఏళ్లు పైనే పట్టింది. ఈ లెక్కన మన పిల్లోడు ఎప్పుడు తేలతాడు?

కాబట్టి చేయాల్సింది చెప్తున్నాం. మీ ఊరి బడి గ్రౌండు ఎవరి కల్లమైందో, ఎవరి గడ్డివాము కిందికి పోయిందో సర్వే నంబరుతో రాసుకోండి. సోమవారం నంద్యాల కలెక్టరేటులో అర్జీ ఇయ్యండి, రసీదు తీసుకోండి. ఎస్సీ, ఎస్టీ సబ్ ప్లాన్ చట్టం 2013లో వచ్చింది, 2023లో ఇంకో పదేళ్లు పొడిగించినారు. హాస్టల్లో గుడ్లు, పాలు, బూట్లు, ఒక కోచ్ ఆ నిధుల్లోంచే అడగండి. ఆడపిల్లలకూ సమానంగా అడగండి.

ఇది దయ కాదు, మన వాటా. పోదాం పాండి. జై భీమ్!