పురపాలకుడు, శాసనసభ్యుడు: న్యాపతి సుబ్బారావు పంతులు

న్యాపతి సుబ్బారావు పంతులుగారిని పెద్దలు 'ఆంధ్రభీష్మ' యని గౌరవించిరి. బిరుదము గొప్పదే. అయితే బిరుదము పెద్దదైనకొలది మనుష్యుడు చేసిన పని దాని చాటున మరుగుపడును. రాజమహేంద్రవరపు వీధిదీపములను, మురుగుకాలువలను విచారించుకొనిన ఈ న్యాయవాది, తీర్మానించు హక్కే లేని శాసనసభకు పోయి ఏమి చేసిరో నేడు శ్రోతలకు మనవి చేయుదుము.

పంతులుగారు 1856లో నెల్లూరులో జన్మించిరి. చెన్నపట్టణములో న్యాయశాస్త్రము చదువుచున్న దినములలో, 1878లో, ముత్తుస్వామి అయ్యరుగారు హైకోర్టు న్యాయమూర్తిగా నియమితులైరి. ఒక భారతీయునకు ఆ పదవి తగదని ఆంగ్లేయుల పత్రికలు గోల చేసినవి. బదులు చెప్పుటకు మనవారి చేతిలో పత్రిక లేదు. ఇద్దరు ఉపాధ్యాయులు, నలుగురు న్యాయవిద్యార్థులు కూడి, రూపాయి పండ్రెండణాలు అప్పు తెచ్చి, 80 ప్రతులు అచ్చువేయించిరి. అదియే 'హిందూ' పత్రిక. ఆ నలుగురు విద్యార్థులలో మన పంతులుగారొకరు. చదువు ముగిసిన పిమ్మట పత్రికను మిత్రులకు విడిచి, 1880లో రాజమహేంద్రవరము చేరి వకీలు వృత్తి నారంభించిరి.

అంతవరకు జిల్లా పట్టణముల పాలన కలెక్టరు కనుసన్నలలో జరిగెడిది. రిప్పను ప్రభువు 1882లో స్థానిక స్వపరిపాలనను గూర్చి తీర్మానము చేసిన పిదప, 1884 నాటి మద్రాసు పురపాలక చట్టముతో పౌరులు ఎన్నుకొనిన సభ్యులకు, ఉద్యోగి కాని అధ్యక్షునకు చోటు కలిగెను. 1885 నుండి 1888 వరకు పంతులుగారు రాజమహేంద్రవర పురపాలక సంఘమునకు అధ్యక్షులుగా నుండిరి. అప్పటికి వారికి ముప్పది యేండ్లు కూడ సరిగా నిండలేదు.

అధ్యక్ష పదవి యనగా పల్లకి యెక్కుట యని యెవరైన తలంచినచో పొరబాటు. బాటలు, దీపములు, మురుగునీరు, టీకాలు, బడులు, ఆసుపత్రి, ఇవన్నియు సంఘము నెత్తిమీదనే యుండెడివి. ఖర్చునకు ఆధారము ఇంటిపన్ను, వృత్తిపన్ను మొదలగునవి. పన్ను వేసినవాడును, పన్ను చెల్లించువాడును ఒకే వీధిలో కాపురముండిన ఊరది. దొర విధించిన పన్నును ఊరు తిట్టుకొని కట్టెడిది. పొరుగువాడు విధించినచో, ఎందులకని వాని గడపలోనే నిలిచి అడుగును! స్వపరిపాలనకు ఇంతకంటె మంచి పాఠశాల యుండదని మా తలంపు.

1892 నాటి చట్టమువలన రాష్ట్ర శాసనసభలు కొంత విరివి యైనవి. ఆ చట్టములో 'ఎన్నిక' యన్న మాటయే లేదు. పురపాలక సంఘములు, జిల్లా బోర్డులు, విశ్వవిద్యాలయము పేర్లను సూచించును, గవర్నరు నియమించును. పంతులుగారు ఈ మార్గమున చెన్నపురి శాసనసభలో ప్రవేశించిరి. అచ్చట బడ్జెటును గూర్చి మాటాడవచ్చును గాని ఓటు వేయరాదు. ముందుగా నోటీసిచ్చి ప్రశ్న వేయవచ్చును గాని, వచ్చిన జవాబుపై మరల ప్రశ్నింపరాదు. గదిలో నోరు తెరచుటకే అనుమతి. తలుపు తెరచుటకు కాదు. అట్టి సభకు పోవుట యేల యని అప్పుడే కొందరు పెదవి విరిచిరి.

వారి మాటలో నిజము లేకపోలేదు. అయినను, కలెక్టరు కచేరీలో అణగియుండు కాగితము ప్రశ్నకు బదులుగా సభలోనికి రావలసివచ్చెడిది. సభకు వచ్చినది పత్రికలో పడెడిది. పత్రికలో పడినది రచ్చబండకు చేరెడిది. పత్రిక పెట్టిన చేతులకును, ఊరు పాలించిన చేతులకును ఈ త్రోవ తెలియనిది కాదు.

ఊరిలో వారి శ్రద్ధ రాజకీయములతో ఆగలేదు. వీరేశలింగము పంతులుగారు సంపాదకులుగా 'చింతామణి' మాసపత్రికను నడిపిరి, నవలలకు పోటీ పెట్టి బహుమతు లిచ్చిరి. చిలకమర్తివారి 'రామచంద్ర విజయము' ఆ బహుమతి నందినదే. తెలుగు నవల తప్పటడుగులు వేయుచున్న కాలమున ఒక వకీలు సంపాదన ఇట్లు వ్యయమగుట చిన్న విషయము కాదు.

తరువాతి ఘట్టములను క్లుప్తముగా చెప్పుదుము. 1910 మొదలు కేంద్ర శాసనసభలో సభ్యత్వము. 1914లో బెజవాడ ఆంధ్ర మహాసభకు అధ్యక్షత. ఆ యేడు మొదలు 1917 వరకు కాంగ్రెసు కార్యదర్శిత్వము. 1941 జనవరిలో, 85 ఏండ్ల వయసున పంతులుగారు దివంగతులైరి. బెజవాడ సభలలో చర్చకు వచ్చిన ఆంధ్రరాష్ట్రము అవతరించుటకు అప్పటికింకను పండ్రెండేండ్లు పైబడి యుండెను.