మట్టి కార్డు ఎవరి చేనుది?

(తిరుపతి రైతు శిక్షణ తరగతిలో చేసిన ప్రసంగ పాఠం)



మన చిత్తూరు, తిరుపతి ప్రాంతంలో ఎక్కువ భాగం ఎర్రనేలలే. ఆ ఎరుపు ఇనుముది. శాస్త్రవేత్తల వర్గీకరణలో వీటిలో చాలావాటిని ఆల్ఫిసాల్స్ అంటారు. పేరు ఒకటైనంత మాత్రాన నేల ఒకటి కాదు. గుట్ట వాలున మూరెడు తవ్వకముందే రాయి తగులుతుంది. కాస్త దిగితే ఇసుక కలిసిన ఎర్రమట్టి, మన చెనక్కాయ పండేది అక్కడే. చెరువు కింద కయ్యల్లో జిగురు మట్టి. ఇదంతా ఒకే ఊళ్లో, ఒక్కోసారి ఒకే రైతు భూమిలో!

2015లో సాయిల్ హెల్త్ కార్డు పథకం వచ్చినప్పుడు పెట్టిన నిబంధన ఏమిటి? వర్షాధార భూమిలో 10 హెక్టార్లకు, నీటి వసతి ఉన్నచోట 2.5 హెక్టార్లకు ఒక నమూనా. మెట్టలో 25 ఎకరాలకు ఒకటన్నమాట. గుట్ట వాలుకూ పల్లానికీ ఒకే లెక్క. దాన్ని నమ్మి ఎరువు వేస్తే అప్పు మాత్రం మన పేరునే ఉంటుంది.

చెనక్కాయనే చూడండి. కాయకు కావలసిన కాల్షియాన్ని వేరు అందించదు, ఊడ దిగాక కాయే చుట్టూ ఉన్న మట్టి నుంచి లాక్కుంటుంది. పూత దశలో ఎకరాకు 200 కిలోల జిప్సం మొదళ్ల దగ్గర వేయమనేది అందుకే. ఇసుక పాలు ఎక్కువున్న చేనుకు ఆ అవసరం మరీ ఎక్కువ. పక్కవాడి మట్టి ఆ సంగతి చెప్పదు కదా!

కార్డు వద్దనడం లేదు. కమతానికొకటి ఇవ్వమంటున్నాం. ఈలోగా గట్లు, చెట్ల నీడ, దిబ్బ పోసిన చోటు వదిలి, ఎనిమిది పది చోట్ల 15 సెంటీమీటర్ల గుంత తీసి, అంచు మట్టి గీకి కలిపి, నీడన ఆరబెట్టి అరకిలో పరీక్షకు ఇవ్వండి. వాలు మట్టినీ పల్లం మట్టినీ కలపొద్దు.

వచ్చే సమావేశానికి మీ ఇంట్లో ఉన్న కార్డులు తెండి. మట్టి ఎవరి చేలో తీశారో చూద్దాం.