అల రాకముందే లెక్క రావాలి

(సంఘం వార్షికోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠం)



"సైన్సు మీద ఏదైనా మాట్లాడండి, కానీ భోజనాలకు ముందు కాబట్టి కాస్త తేలికగా ఉండాలి" అన్నారు కార్యదర్శిగారు. విషయం తేలికైనది కాదు; తేలిక మాటలలో చెప్పడానికి ప్రయత్నిస్తాను. సముద్రంలో పుట్టిన అల ఎటు పోతుంది, ఎప్పుడు చేరుతుంది, ఎంత ఎత్తున వస్తుంది అనేది కంప్యూటర్‌లో ముందుగా లెక్క కట్టడం ఈ రోజు నా అంశం. దీనినే న్యూమరికల్ మోడలింగ్ అంటారు. నౌకాదళంలో సముద్రపు లోతులు కొలిచే హైడ్రోగ్రఫీ శాఖలో పనిచేసినవాణ్ణి కనుక, ఈ లెక్కలో ఆ శాఖ వాటా ఎంతో కూడా చెబుతాను.

2004 డిసెంబరు 26 ఉదయం ఆరున్నర ప్రాంతంలో సుమత్రా దగ్గర సముద్రం అడుగున 9.1 తీవ్రతతో భూమి కదిలింది. అక్కడి నుంచి చెన్నైకి దాదాపు 2,000 కిలోమీటర్లు. అల రావడానికి సుమారు రెండున్నర గంటలు పట్టింది. రెండున్నర గంటలంటే తక్కువ సమయం కాదు. తీరం వెంబడి జనాన్ని కిలోమీటరు వెనక్కి నడిపించడానికి చాలు. కానీ వస్తున్నదని చెప్పే వ్యవస్థ ఆనాడు హిందూ మహాసముద్రానికి లేదు. ఆ రోజు పౌర్ణమి. మన ఆంధ్ర తీరంలో చనిపోయిన వందమందికి పైగా మనుషులలో సముద్రస్నానానికి వెళ్లినవారు కూడా ఉన్నారు. కార్ నికోబార్‌లో మన వాయుసేన స్థావరం సిబ్బందిని, క్వార్టర్లలో ఉన్న వారి కుటుంబాలను పోగొట్టుకుంది. ఈ సభలో ఆ మాట వివరించనక్కర్లేదు.

ఆ అలకు ఒక లక్షణం ఉంది. నడిసముద్రంలో దాని వేగం నీటి లోతు మీదే ఆధారపడి ఉంటుంది. లోతును భూమ్యాకర్షణ త్వరణంతో గుణించి వర్గమూలం తీస్తే వేగం వస్తుంది. నాలుగు కిలోమీటర్ల లోతున గంటకు సుమారు 700 కిలోమీటర్లు, అంటే జెట్ విమానం వేగం. పది మీటర్ల లోతుకు వచ్చేసరికి గంటకు 36 కిలోమీటర్లకు తగ్గుతుంది. ముందు భాగం నెమ్మదించి వెనక భాగం తోసుకొస్తుంది కాబట్టి నీళ్లు పైకి లేస్తాయి. ఆ రోజు భూకంపం వచ్చిన రెండు గంటలకు జేసన్-1 ఉపగ్రహం పైనుంచి కొలిస్తే అల ఎత్తు సుమారు 60 సెంటీమీటర్లు. ఓడలో ఉన్నవాడికి అది తెలియనే తెలియదు. అదే పది మీటర్ల లోతుకు చేరేసరికి నాలుగున్నర రెట్లు పెరుగుతుంది. ఆ తర్వాత తీరం ఆకారాన్ని బట్టి ఇంకా పెరగవచ్చు.

ఇంత తెలిసినప్పుడు కాగితం మీద గీత గీసి లెక్క కట్టవచ్చు కదా అంటారు. చాలదు. కేరళ సుమత్రాకు నేరుగా ఎదురుగా లేదు. మధ్యలో శ్రీలంక అడ్డం ఉంది. అయినా అల శ్రీలంకను చుట్టుకుని వెళ్లి కొల్లం తీరాన్ని కొట్టింది. బంగ్లాదేశ్‌కు మాత్రం పెద్దగా నష్టం జరగలేదు. ఎందుకంటే పగిలిన చీలిక సుమారు 1,300 కిలోమీటర్ల పొడవున ఉత్తర దక్షిణాలుగా ఉంది. దాని బలం ప్రధానంగా తూర్పుకూ పడమరకూ పోయింది. ఈ వంపులూ మలుపులూ లెక్కలోకి రావాలంటే సముద్రమంతటినీ గళ్లుగా విడగొట్టాలి.

గళ్లంటే గ్రాఫ్ పేపరు గళ్లే. ఒక్కో గడిలో నీటిమట్టం ఎంత, ప్రవాహం ఎంత అని రాసుకుంటాం. నియమాలు రెండే. వచ్చిన నీరు పోయిన నీటికంటే ఎక్కువైతే మట్టం పెరుగుతుంది. పక్క గడిలో మట్టం ఎక్కువగా ఉంటే నీరు ఇటు పారుతుంది. పరేడ్‌లో "దాహినే సజ్" అనగానే ఏం చేస్తాం? ప్రతివాడూ తన కుడిపక్క వాడినే చూస్తాడు. మైదానమంతా ఎవరూ చూడరు. అయినా వరుస మొత్తం సర్దుకుంటుంది. మోడల్ కూడా అంతే. ప్రతి గడీ తన పొరుగు గళ్లనే చూసుకుంటుంది, కొన్ని సెకన్లకొకసారి సర్దుకుంటుంది. అలా వేలసార్లు చేస్తే అల సముద్రం దాటుతుంది.

ఇందులో ఒక కట్టుబాటు ఉంది. 1928లో కూరంట్, ఫ్రీడ్రిక్స్, లెవీ అనే ముగ్గురు గణితవేత్తలు చెప్పారు: ఒక్క అడుగు కాలంలో అసలు అల ఒక గడిని మించి దాటకూడదు. దాటితే పొరుగువాడికి కబురు అందకముందే అల వెళ్లిపోయినట్లు. అంకెలు పిచ్చెక్కి కొండలంత అలలు చూపిస్తాయి. రెండు కిలోమీటర్ల గడికి, నాలుగు కిలోమీటర్ల లోతున, కాలం అడుగు పది సెకన్లకు మించరాదు. గడిని సగం చేస్తే గళ్లు నాలుగు రెట్లు, అడుగులు రెండు రెట్లు. మొత్తం పని ఎనిమిది రెట్లు. వివరంగా చూడాలంటే సమయం ఖర్చు, సమయమేమో మన దగ్గర లేదు. చిక్కంతా ఇక్కడే.

దీనికి మన హైదరాబాదులో మంచి ఉపాయం అమలులో ఉంది. సముద్రం లేని హైదరాబాదులో, ప్రగతినగర్ దగ్గర ఇన్‌కాయిస్ అనే సముద్ర సమాచార సంస్థ ఉంది. 2007 అక్టోబరు నుంచి దేశ సునామీ హెచ్చరిక కేంద్రం అక్కడే. భూకంపం వచ్చాక లెక్క మొదలుపెట్టడం కాదు, ముందే కట్టి పెట్టుకోవడం వారి పద్ధతి. భూకంపాలు పుట్టే చీలికలను 100 కిలోమీటర్ల పొడవు, 50 కిలోమీటర్ల వెడల్పు గల ముక్కలుగా విడగొట్టి, ఒక్కో ముక్క ఒక మీటరు జారితే అల ఎలా పోతుందో జపాన్‌లో తయారైన టునామీ-ఎన్2 అనే మోడల్‌తో లెక్కించి దాచారు. నిజంగా భూకంపం వచ్చినప్పుడు సంబంధించిన ముక్కల ఫలితాలను తగిన నిష్పత్తిలో కలిపితే చాలు. లోతైన నీటిలో అల చిన్నది కాబట్టి ఈ కూడిక చెల్లుతుంది. తీరం దగ్గర చెల్లదు. అక్కడ చిన్న గళ్లతో వేరే లెక్క కావాలి.

అయితే మిత్రులారా, లెక్క ఎంత మంచిదైనా మొదట ఇచ్చిన అంకె తప్పితే ఫలితం తప్పుతుంది. విత్తు ఒకటి వేస్తే చెట్టు ఇంకొకటి మొలవదు కదా. 2004లో మొదటి అంచనా 8.0, అసలు 9.1. అంకెలో తేడా చిన్నదే, శక్తిలో సుమారు 45 రెట్లు. సునామీ విద్యలో అందరికంటే ముందున్న జపాన్‌లోనూ 2011 మార్చి 11న ఇదే జరిగింది. మూడు నిమిషాలలో హెచ్చరిక ఇచ్చారు, కానీ తీవ్రత 7.9 అనుకున్నారు. ఇవాతే తీరానికి మూడు మీటర్ల అల అన్నారు. అసలు భూకంపం 9.0. సవరించేసరికి దాదాపు అరగంట. కరెంటు పోయిన ఊళ్లలో ఆ సవరణ అందరికీ చేరలేదు.

దీనికి తిరుగుముఖం 2012 ఏప్రిల్ 11. సుమత్రా దగ్గరే 8.6 తీవ్రత. చెన్నైలో జనం ఆఫీసులు వదిలి రోడ్ల మీదికి వచ్చారు. కానీ ఈసారి భూమి పైకి లేవలేదు, పక్కకు జారింది. సముద్రంలోని మన పీడన పరికరాలు, రేవుల్లోని టైడ్ గేజీలు చిన్న అలలే చూపించాయి. మెయిన్‌ల్యాండ్ తీరాన్ని ఖాళీ చేయించకుండానే ఆ సాయంత్రం గడిచింది. హెచ్చరించడం ఎంత ముఖ్యమో, అనవసరంగా పరుగెత్తించకుండా ఉండడం కూడా అంతే ముఖ్యం. రెండుసార్లు ఊరికే పరుగెత్తినవాడు మూడోసారి కదలడు.

ఇక లోతుల సంగతి. వేగం లోతు మీద ఆధారపడుతుందని చెప్పాను. అంటే ప్రతి గడికీ ఒక లోతు అంకె కావాలి. నడిసముద్రానికి ఉపగ్రహాల నుంచి వచ్చే స్థూలమైన లోతులతో నెట్టుకు రావచ్చు. తీరం దగ్గర కుదరదు. అక్కడ డెహ్రాడూన్‌లోని నేషనల్ హైడ్రోగ్రాఫిక్ ఆఫీసు పటాలు, మన సర్వే ఓడలు వరుస తప్పకుండా అటూ ఇటూ తిరిగి కొలిచిన అంకెలే ఆధారం. ఎండలో నెలల తరబడి గీతలు గీసినట్లు తిరిగే ఆ పనికి పతకాలు తక్కువ. కానీ ఒక నావికుడు సరిగ్గా రాసిన లోతు ఎక్కడో ఒక ఊరికి అల వచ్చే నిమిషాన్ని సరిచేస్తుంది. 2004 సునామీ తర్వాత సర్వే ఓడ నిరూపక్ ఆసుపత్రి ఓడగా మారి ఇండోనేషియాలోని మ్యూలబోకు సాయం తీసుకెళ్లిందని కూడా ఇక్కడ గుర్తు చేసుకుందాం.

చివరగా, ఈ విద్య చేయలేని పని ఒకటి ఉంది. చెన్నైకి రెండున్నర గంటలున్నాయి, విశాఖకూ ఉన్నాయి. కార్ నికోబార్‌కు నిమిషాలే. చీలిక కాళ్ల కిందే ఉన్నచోట ఏ కంప్యూటరూ అల కంటే ముందు చేరలేదు. దూరాన ఉన్నవారికి లెక్క రక్ష, దగ్గర ఉన్నవారికి కాళ్లే రక్ష. అండమాన్ నికోబార్‌లో పోస్టింగుకు వెళ్లే మన పిల్లలకు, కోడళ్లకు, మనవలకు ఇది చెప్పి పంపండి. నిలబడలేనంత గట్టిగానో, చాలాసేపో భూమి ఊగితే సైరన్ కోసం ఎదురుచూడవద్దు, ఎత్తైన చోటికి నడవండి. సముద్రం హఠాత్తుగా వెనక్కి పోతే చేపలు ఏరడానికి వెళ్లవద్దు. మొదటి అల పోయిందని సామాన్ల కోసం తిరిగి రావద్దు. తర్వాతది ఇంకా పెద్దది కావచ్చు, గంట తర్వాత కూడా రావచ్చు. మెయిన్‌ల్యాండ్‌లో ఉంటే వాట్సాప్ కబుర్లు కాదు, ఇన్‌కాయిస్ ప్రకటన చూడండి.

ఒడిశాలో వెంకట్రాయ్‌పూర్, నోలియాసాహి అనే రెండు పల్లెలు ఈ పాఠం నేర్చుకుని, దారులు గుర్తించి, రిహార్సల్సు చేసి 2020లో యునెస్కో నుంచి 'సునామీ రెడీ' గుర్తింపు పొందాయి. పల్లెకారులు చేసిన పని, డ్రిల్లు మన రక్తంలో ఉన్నదని చెప్పుకునే మనం మన క్వార్టర్లలో చేయలేమా? వచ్చే సంవత్సరం మళ్లీ కలిసేలోగా సముద్రతీర స్టేషన్లలో ఉన్న సభ్యులు తమ ఇంటి నుంచి ఎత్తైన చోటికి ఎన్ని నిమిషాల నడకో ఒకసారి గడియారం పెట్టుకుని నడిచి చూడాలని నా మనవి. ఆ అంకెను మీకోసం ఏ మోడలూ లెక్కించి పెట్టదు.

 జై హింద్.