తట్టకు దక్కని పేరు

పట్టభద్రులారా, చేపను పెంచడం, పట్టడం, చెడిపోకుండా దాచడం మీరు నేర్చుకున్నారు. చేప ఒడ్డుకు చేరాక నడిచే లెక్క గురించి నాలుగు మాటలు చెబుతాను. ప్రపంచంలోని చిన్నతరహా మత్స్యరంగంలో ప్రతి పదిమందిలో నలుగురు స్త్రీలేనని ఐక్యరాజ్యసమితి ఆహార, వ్యవసాయ సంస్థ 2023లో తేల్చింది. మన తీరంలోనూ వేట మగవాళ్లది, అమ్మకం ఆడవాళ్లది. కానీ చాలా సర్కారు కాగితాల్లో మత్స్యకారుడంటే సముద్రంలోకి వెళ్లేవాడే. ఏటా ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా 61 రోజులు వేట నిషేధంతో యంత్రపు పడవలు ఆగిపోతాయి. ఆంధ్రప్రదేశ్‌లో 2025లో 20,000 రూపాయలకు పెంచిన వేట విరామ భృతి వేటకు వెళ్లేవారి లెక్కనే అందుతుంది. ఆ రెండు నెలలూ చేపలమ్మే ఆమె తట్టా ఖాళీయే.

డబ్బు ఇంటికే చేరుతుంది కదా, ఎవరి పేరైతేనేం అనవచ్చు. వేటకెళ్లే మగమనిషి లేని ఇంటికి అదీ చేరదు. పైగా వృత్తిదారుగా పేరు లేని మనిషికి పెట్టుబడి పుట్టదు. దోపిడీ మొదలయ్యేది అక్కడే. తెప్పలు ఊరి ఒడ్డుకే వచ్చిన రోజుల్లో భర్త తెచ్చిన చేప భార్య తట్టలోకి వెళ్లేది. మరబోట్లు వచ్చాక సరుకు విశాఖ, కాకినాడ హార్బర్లకు మళ్లింది. అక్కడి వేలంలో ఎగుమతి ఏజెంట్లకు దీటుగా పాడాలంటే తెల్లవారేసరికి చేతిలో రొక్కం ఉండాలి. అది వడ్డీవ్యాపారి దగ్గరే దొరుకుతుంది. సాయంత్రానికి చేప మెత్తబడుతుంది కనుక బేరమాడే ఓపిక కొనేవారికే ఉంటుంది, ఆమెకు ఉండదు. ఐసు, ఆటో, ఆశీలు, వడ్డీ పోగా మిగిలిందే ఆమె కూలి. పెట్టుబడి ఒకరిది, ధర మరొకరిది, నష్టం మాత్రం ఆమెది. దీనికి మనం పెట్టిన ముద్దుపేరు స్వయం ఉపాధి! రొయ్యల తల తీసి పొట్టు ఒలిచే ఆడకూలీలకు కిలో లెక్కన ఇచ్చే చోట ఆ ముసుగు కూడా లేదు. సరుకు రాని రోజు కూలి లేదు, అంతే.

ఎగుమతులు తీరానికి డబ్బు తెచ్చాయన్నది నిజమే, వాటిని ఆపమని నేననను. డ్వాక్రా అప్పులూ మేలు చేశాయి; అయితే నెలవారీ వాయిదాల అప్పు వేరు, వేలం వేళకు కావలసిన రొక్కం వేరు. మార్గాలు లేకపోలేదు. కేరళ 2021లో తిరువనంతపురంలో చేపలమ్మే స్త్రీల కోసమే ఉచిత బస్సులు నడిపింది. 2014 నాటి వీధి విక్రేతల చట్టం పట్టణ విక్రయ కమిటీల్లో కనీసం 40 శాతం స్థానాలు విక్రేతల ప్రతినిధులకు ఇచ్చి, అందులో మూడోవంతు స్త్రీలకు కేటాయించింది. ఆ స్థానాల్లోకి చేపల బజారు నుంచి ఎందరు వచ్చారో పట్టణం పట్టణానా అడగాలి. మీలో కొందరు గ్రామ మత్స్య సహాయకులో, మత్స్యశాఖ అధికారులో అవుతారు. భృతి జాబితా మీ చేతుల మీదుగానే వెళ్తుంది. అమ్మేవారికి, ఎండబెట్టేవారికి, ఒలిచేవారికి అందులో ఒక గడి పెట్టమని మొదటి ఏడాదే పైఅధికారులకు రాయండి. నిబంధనల్లో లేదని జవాబు వస్తే, నిబంధన మార్చమని మళ్లీ రాయండి.