కోపం ఆపేసే దీపం... స్విచ్ ఎవరి చేతిలో?

ఈరోజు ఎపిసోడ్‌లో ఒక ఊరికి వెళ్దాం. మ్యాప్‌లో వెతక్కండి, దొరకదు. నేనే కల్పించిన ఊరు.

ఆ ఊళ్లో వీధి దీపాలన్నీ ఒక వింత రాయితో చేసినవి. పసుపు వెలుగులో నిలబడితే కోపం పోతుంది. పచ్చ వెలుగులో భయం పోతుంది. నీలం వెలుగులో దుఃఖం పోతుంది. బాగుంది కదా? రేపు ఎగ్జామ్ ఉందా, పచ్చ దీపం కింద కూర్చో. బ్రేకప్ అయిందా, నీలం వీధిలో ఒక రౌండ్ వేసి రా.

ఇప్పుడు కథ. ఒక ఏడాది ఆ ఊరి చెరువు గట్టు బీటలు వారింది. బాగు చేయించమని ఎన్నిసార్లు చెప్పినా పెద్దలు పట్టించుకోలేదు. ఒక రాత్రి జనమంతా కోపంగా బయల్దేరారు. కానీ పెద్దలుండే వీధి నిండా పసుపు దీపాలే! అక్కడికి చేరేసరికి ఎవరికీ కోపం లేదు. "ఏదో అడుగుదామని వచ్చామే..." అనుకుంటూ నవ్వుకుని ఇళ్లకి వెళ్లిపోయారు. గట్టు మాత్రం అలాగే ఉంది. వానాకాలం దగ్గర పడుతోంది.

ఇదంతా ఉత్త ఫాంటసీయేనా? పూర్తిగా కాదు. మన కంటి రెటీనాలో చూపు కోసం పనిచేసే కణాలతో పాటు, వెలుగుని బట్టి పగలా రాత్రా అని మెదడుకి చెప్పే కణాలు కూడా ఉన్నాయి. వీటి గురించి 2002లో కీలకమైన పరిశోధనలు వచ్చాయి. వాటిలో ఉండే మెలనాప్సిన్ అనే పదార్థం దాదాపు 480 నానోమీటర్ల నీలి వెలుగుకి బాగా స్పందిస్తుంది. చలి దేశాల్లో శీతాకాలం వస్తే దిగులు పడేవాళ్లకి డాక్టర్లు పొద్దున్నే 10,000 లక్స్ వెలుగు ముందు అరగంట కూర్చోమని చెప్తారు. అంటే వెలుగు మన మూడ్‌ని మార్చగలదు. కానీ నెమ్మదిగా, రోజుల తరబడి. స్విచ్ వేయగానే కోపం ఆపే దీపం మాత్రం లేదు.

అలాంటిది తయారు చేద్దామని చూసినవాళ్లు ఉన్నారు. 1979లో అమెరికాలోని సియాటిల్‌లో, నేవీ వాళ్ల జైల్లో ఒక గదికి గులాబీ రంగు వేశారు. ఆ రంగు చూస్తే ఖైదీలు శాంతిస్తారని పెద్ద ప్రచారం జరిగింది. తర్వాత స్విట్జర్లాండ్ జైల్లో కొందరిని గులాబీ గదిలో, కొందరిని మామూలు గదిలో పెట్టి పోల్చి చూస్తే తేడా కనబడలేదు. ఇక్కడ నన్ను ఆపిన విషయం వేరే. "వీడి కోపం ఎలా ఆపాలి?" అన్నదే అందరి ప్రశ్న. "వీడికి కోపం ఎందుకొచ్చింది?" అన్నది రంగు డబ్బాలో లేదు.

జాబ్ చేసే రోజుల్లో నేను బల్బుల్ని ఫోన్‌తో కంట్రోల్ చేసే ఒక యాప్ మీద పనిచేశాను. అప్పుడు తెలిసింది, అసలు పవర్ డీఫాల్ట్ సెట్టింగ్‌ది అని. ఆలోచించండి, ఫోన్ కొన్నాక మీరు ఎన్ని సెట్టింగ్స్ మార్చారు? ఎవడో ఒకసారి పెట్టేస్తాడు, మనం ఏళ్ల తరబడి అందులోనే బతుకుతాం.

ఇంకో దీపం గురించి చెప్పాలి. మా తాతయ్య పోయినప్పుడు తల దగ్గర దీపం పెట్టారు. నూనె తగ్గినప్పుడల్లా పోస్తూ మా నానమ్మ రాత్రంతా అక్కడే కూర్చుంది. ఆ దీపం ఎవరి ఏడుపూ ఆపలేదు. ఏడ్చేవాళ్లకి తోడుగా వెలిగింది, అంతే. అదే నా కథలోని నీలం దీపమైతే? నానమ్మ హాయిగా నిద్రపోయేది. పొద్దున లేచి కాఫీ పెట్టుకునేది. తల్చుకుంటేనే నాకు భయమేసింది.

బాధ పోవాలని అందరికీ ఉంటుంది, నాకూ ఉంది. కానీ కోపం, దుఃఖం ఊరికే రావు. గట్టు బీట వారిందని ఒకటి చెప్తుంది. పోయిన మనిషి మనకి ఎంత కావాలో ఇంకోటి చెప్తుంది.

అందుకే ఆ ఊరికి నేను ఇంజినీర్‌నైతే ఒకే రూల్ పెడతా: ప్రతి దీపానికీ స్విచ్ ఉండాలి, అది దీపం కింద నిలబడ్డవాడి చేతికి అందాలి.

మరి మీరైతే ఆ నీలం వీధిలోకి వెళ్తారా? కామెంట్‌లో నిజం చెప్పండి. ఉంటా మరి, బై!