కాంట్రాక్టు సార్లు, కోర్టు మెట్లు

శింగనమల పల్లెల పిల్లలు అనంతపురం వెళ్లి శ్రీకృష్ణదేవరాయ విశ్వవిద్యాలయంలో చేరితే, పాఠం చెప్పే సారు పర్మనెంటా, కాంట్రాక్టా అని అడగరు. రెన్యువల్ కాగితం చేతికొచ్చేదాకా కాంట్రాక్టు సారుకు మాత్రం నిద్ర పట్టదు.

పర్మనెంటు చేయమని కోర్టుకెక్కితే మొదట ఎదురయ్యేది 2006 నాటి ఉమాదేవి తీర్పు. అందరికీ పోటీ అవకాశం ఇవ్వకుండా దొడ్డిదారిన చేరినవారికి పర్మనెంటు హక్కు లేదంది సుప్రీంకోర్టు. అయితే మంజూరైన పోస్టులో, అర్హతలుండి, కోర్టు ఉత్తర్వుల అండ లేకుండా పదేళ్లు పనిచేసినవారిని ఒక్కసారికి పరిశీలించమంది. నాటి నుంచీ వాదనంతా ఆ సందు చుట్టూనే.

2024 డిసెంబరులో జగ్గో కేసు తీర్పు వచ్చింది. ఏళ్ల తరబడి పని చేయించుకుని, ఉమాదేవి తీర్పును అడ్డుపెట్టి గెంటేయడం తగదని అదే కోర్టు మందలించింది. ఆలస్యమైనా మంచి మాటే! కేసు వేసే సార్లు నియామక నోటిఫికేషన్, పోస్టు మంజూరు జీవో, జీతం బిల్లులు భద్రంగా దాచుకోవాలి. జడ్జిగారు ముందుగా అడిగేవి అవే.